సరిపోలని సంతకం

కోర్టు వరండాలో బెంచీ సగం ఖాళీగానే ఉంది. ఆవిడ కూర్చుంటేగా! కూర్చోవడం, లేవడం, గుమ్మం దాకా వెళ్ళి లోపలికి తొంగిచూడడం, మళ్ళీ వచ్చి బెంచీ అంచున కూలబడడం, పొద్దున్నుంచీ ఇదే వరస. పక్కన మొగుడు మాత్రం బెంచీకి కప్పిన రెక్సిన్ చిరుగులో వేలు దూర్చి లోపల స్పాంజి ఏ రకమో తడిమి చూస్తున్నాడు. సోఫాలు బాగుచేసే మేస్త్రి మరి. జైల్లో పెట్టినా ముందు అక్కడి కుర్చీల కుట్టు చూసే రకం.

"ఆ వేలు తియ్యండి ముందు. చిరుగు పెద్దదైతే దానికీ ఇంకో కేసు పెడతారు," అంది.

"నాసిరకం సరుకు," అన్నాడు మేస్త్రి.

"ఏమండీ, గుర్తుందిగా? చెక్కు చూపించి, ఈ సంతకం నీదేనా అంటారు. కాదండి అనాలి. దాని ముందూ వద్దు, వెనకా వద్దు. ఆ ఒక్క ముక్క చెప్పి నోరు మూసుకోండి."

"ఊఁ," అన్నాడు.

ఆ 'ఊఁ'తోనే వచ్చింది చావు. పని చేసేటప్పుడు పెదాల మధ్య మేకులు పట్టుకుని ఉంటాడు కదా, నోరు తెరిస్తే రాలిపోతాయి. అలా ఊకొట్టీ ఊకొట్టీ, మేకులు లేనప్పుడు కూడా అదే భాషైపోయింది. దాంట్లో అవునుందో కాదుందో కాపురానికొచ్చిన నాటి నుంచీ ఆవిడకి అంతుపట్టలేదు. ఈరోజు మాత్రం అంతుపట్టి తీరాలి. ఎందుకంటే మేస్త్రి అవునంటే మోసగాడై జైలుకి పోతాడు. కాదంటే ఆ దెబ్బ తగిలేది ఆవిడ తోడబుట్టిన అన్నకి. ఇక ఉన్నదున్నట్టు చెబితే, దొంగ ఆవిడే.

ఈ ముడి ఎలా పడిందో చెప్పాలంటే బ్యాంకు మెట్ల దగ్గరికి వెళ్ళాలి. కొట్టు పెట్టిన కొత్త రోజులవి. ఖాతా తెరవడానికి మొగుడూ పెళ్ళాం ఇద్దరూ వెళ్ళారు. గుమస్తా ఒక అట్ట ఇచ్చి మూడు గళ్ళలో మూడు సంతకాలు పెట్టమన్నాడు. దబ్బనం ఇస్తే తోలు మీద గీత గీసినట్టు కుట్టే మనిషికి పెన్ను పట్టుకోగానే చెమటలు పట్టాయి. మొదటి సంతకం పక్కకి వాలింది. రెండోది సగంలో ఇరుక్కుంది. మూడోది పేరులో ఒక అక్షరాన్నే మింగేసింది.

"ఏమయ్యా, ముగ్గురు మనుషులు పెట్టినట్టున్నాయే! బయటికెళ్ళి ఒకటే సంతకం నేర్చుకుని రా పో," అని గుమస్తా ఇంకో అట్ట చేతికిచ్చి తరిమేశాడు. వెనక వరసలో నిలబడ్డవాళ్ళు కిసుక్కుమన్నారు.

మెట్ల మీద కూర్చుని మేస్త్రి ఆ అట్ట వంకే చూస్తుంటే ఆవిడకి ఒళ్ళు మండింది. అట్ట లాక్కుంది, మోకాలి మీద పెట్టుకుంది, టకటకా మూడు గళ్ళలో మూడుసార్లు మొగుడి పేరు గీసి పారేసింది. మూడూ అచ్చుగుద్దినట్టున్నాయి. "నా పేరు ఇంత బాగుంటుందా!" అన్నాడాయన. ఇంటికొచ్చేదాకా ఇద్దరూ ఒకటే నవ్వు.

ఆ తర్వాత అదే అలవాటైపోయింది. చెక్కులు ఆవిడే. కొట్టు అద్దె కాగితం ఆవిడే. పోస్టుమాన్ వస్తే "మేస్త్రి ఉన్నాడా" అని అడగడం కూడా మానేశాడు, పెన్ను నేరుగా ఆవిడకే అందిస్తాడు. దొంగతనం అన్న ఆలోచన ఆ ఇంటి గడప తొక్కితే ఒట్టు. అది ఆయన సంతకమే, ఆవిడ చేతిలో ఉంటుంది, అంతే. పోపులడబ్బా ఆవిడ అలమరలో, సుత్తి ఆయన సంచిలో, సంతకం ఆవిడ చేతిలో.

సరే, అన్న సంగతి. ఆయనకి పక్క వీధిలో రంగుల కొట్టు. అన్నాచెల్లెళ్ళు మాటలు మానేసింది దేనికంటారు? సోఫాకి! వదిన సోఫా కొత్తగా కుట్టించుకుంటే ఈవిడ కూలితో సహా బిల్లు పంపింది. "తోడబుట్టినవాడికి బిల్లా!" అని ఆయన. "ఇన్నేళ్ళలో ఒక్క రంగుడబ్బా ఊరికే ఇచ్చావా?" అని ఈవిడ. బిల్లు కట్టాడు, గుమ్మం తొక్కడం మానేశాడు. ఇద్దరివీ ఒకే ముక్కు, ఆ ముక్కు మీదే కోపం.

అలాంటి బావ దగ్గర మేస్త్రి అప్పు చేశాడు, పెళ్ళానికి చెప్పకుండా. సినిమా హాలు కుర్చీలన్నిటికీ కొత్త కవర్లు కుట్టే పని వచ్చింది. "వద్దు. హాలు ఓనరు ముందు పైసా ఇవ్వడు, సరుకంతా మనమే పెట్టుకోవాలి, మన తాహతు కాదు," అంది ఆవిడ. "ఊఁ" అన్నాడు. అని, వెళ్ళి పని ఒప్పుకున్నాడు. సరుకుకి డబ్బెక్కడిదంటే ఓనరే అడ్వాన్సు ఇచ్చాడని పచ్చి అబద్ధం ఆడాడు. బావ మాత్రం అడగ్గానే ఇచ్చాడు. "మీ చెల్లికి తెలియకూడదు బావా," అంటే, "నాకు మాత్రం దానితో మాటలున్నాయా ఏంటి," అన్నాడు.

పని బ్రహ్మాండంగా అయింది. ఓనరు డబ్బు బ్యాంకులో వేశాడు. అదేరోజు మేస్త్రి చెక్కుబుక్కులోంచి ఒక కాగితం చించుకుని రంగుల కొట్టుకి పరిగెత్తాడు. అంకెలు బావ రాసుకున్నాడు. సంతకం? పెళ్ళాన్ని అడిగే వీలు లేదుగా! రంగుడబ్బా మూత మీద చెక్కు పెట్టుకుని, నాలుక కరుచుకుని, పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి చెక్కు మీద తన సంతకం తనే పెట్టాడు. "సంతకానికి ఇంతసేపా బావా?" అని బావ నవ్వాడు కూడా.

చెక్కు తిరిగొచ్చింది. ఖాతాలో డబ్బు నిండుగా ఉంది, కానీ సంతకం సరిపోలలేదట. ఇంకేముంది, అన్న శివాలెత్తిపోయాడు. "నా కళ్ళముందు, నాలుక కరుచుకుని మరీ తప్పుడు సంతకం పెట్టాడు! నన్ను వెర్రివెంగళప్పని చేశాడు!" అని వీధి వీధంతా వినబడేలా అరిచాడు. ఫోన్ చేసి నిలదీస్తే మేస్త్రి ఏం చెబుతాడు? నా సంతకం నా పెళ్ళాం పెడుతుంది బావా అని ఏ నోటితో అంటాడు? "డబ్బు పట్టుకొస్తా," అని పెట్టేశాడు. ఎక్కణ్ణుంచి పట్టుకొస్తాడు? ఇంటికొచ్చేసరికి గుమ్మంలో కొత్త కుట్టుమిషన్ దిగుతోంది. రెక్సిన్ కుట్టే పెద్ద మిషన్. సినిమా హాలు డబ్బంతా లాభమే అనుకుని ఆవిడ దాన్ని కొనేసింది. "మీరు నా మాట వినకపోవడమే మంచిదైంది, చూడండి!" అని మురిసిపోతూ చూపించింది కూడా. మేస్త్రి మిషన్ చుట్టూ ఒకసారి తిరిగి, "ఊఁ" అన్నాడు.

అదిగో, అప్పుడైనా నోరు విప్పి ఉంటే! విప్పలేదు. లాయరు నోటీసు వచ్చేదాకా విప్పలేదు. అది వచ్చినప్పుడు మేస్త్రి ఇంట్లో లేడు. పోస్టుమాన్ అలవాటుగా పెన్నిచ్చాడు, ఆవిడ అలవాటుగా మొగుడి సంతకం పెట్టి పుచ్చుకుంది. విప్పి చదివాక ఆ ఇంట్లో జరిగిన రాద్ధాంతం నేను చెప్పను, మీరే ఊహించుకోండి. "మా అన్న దగ్గరా! వేరే మనిషే దొరకలేదా లోకంలో!" అని మొదలుపెట్టి, ఊపిరి తీసుకోవడానికి ఆగినప్పుడు అసలు సంగతి తట్టిందావిడకి. "ఇంతకీ సంతకం... మీరు పెట్టారా?"

మేస్త్రి తరఫు లాయరు మాత్రం ఆ కాగితాలు చూసి ఎగిరి గంతేసినంత పని చేశాడు. "సంతకం సరిపోలలేదని బ్యాంకే రాసిచ్చిందమ్మా, ఇంకేం కావాలి! నోటీసు అందినట్టు మీ ఆయన పెట్టిన సంతకం చూడండి, బ్యాంకు అట్ట మీది సంతకంతో తు.చ. తప్పకుండా కలిసింది. చెక్కు మీదది మాత్రం వంకరటింకర. అది నాది కాదు అనమనండి. చాలు. మరి ఎవరిదీ అంటే, చెక్కు ఎవరి చేతిలో ఉందో వాళ్ళని అడుగుతారు."

"అంటే మా అన్నయ్యనా?"

"అది ఆయన చూసుకుంటాడు."

"అసలు ఆ నోటీసు మీద సంతకం..." అని ఆవిడ మొదలుపెట్టబోతే లాయరు రెండు చేతులూ ఎత్తేశాడు. "నాకు చెప్పకండి! నాకు తెలిస్తే నేనూ ఇరుక్కుంటా. ఒకరి సంతకం ఇంకొకరు పెట్టడాన్ని ఫోర్జరీ అంటారు, అంతవరకే నేను చెప్పగలను."

ఇంకా విచిత్రం, అదే నోటీసు సంతకం అన్న లాయరుకీ బంగారుగనిలా దొరికింది. ఇంత చక్కగా పెట్టగలిగినవాడు చెక్కు మీద అష్టవంకరలు తిప్పాడంటే కావాలని కాక మరేంటి అని ఆయన వాదన. ఆవిడ గుమ్మంలో నిలబడి చేసిన ఆ ఒక్క పని రెండు పక్కలా మనుషుల్ని పొడుస్తోంది. ఒక పక్క మొగుడు, ఒక పక్క అన్న.

అప్పట్నుంచీ ఆవిడకి కుదురు లేదు. మిషన్ దగ్గర కూర్చుంటే కుట్టు గీత దాటిపోతుంది. పొయ్యి మీద పాలు పెట్టి వీధిలోకి చూస్తూ నిలబడిపోతుంది. ఒకరోజు మధ్యాహ్నం కొట్లోకి వెళ్తే, మేస్త్రి తిరగేసిన సోఫా ముందు గొంతుక్కూర్చుని, అడుగున నల్లగుడ్డ మీద సుద్దముక్కతో ఏదో రాస్తున్నాడు. తన పేరే. ఒకటి పక్కకి వాలింది, ఒకటి సగంలో ఇరుక్కుంది. అరచేత్తో తుడిచేస్తున్నాడు, మళ్ళీ రాస్తున్నాడు.

"ఏంటండీ ఇది?"

"బ్యాంకు నా సంతకం నాది కాదంది," అన్నాడు. నోట్లో మేకులు లేవు. "అప్పు తీర్చొచ్చే. కూలి చేసి తీరుస్తా. కానీ నా చేత్తో నేను రాసుకున్న నా పేరు నాది కాదంట. ఇప్పుడు నువ్వూ నీ లాయరూ కూడా అదే చెప్పమంటున్నారు నన్ను."

"ఆ రోజు మీకు రాకపోతేనేగా నేను పెట్టింది! మీరు పెట్టమంటేనేగా!"

"నేను అనలేదు. నువ్వు లాక్కున్నావు."

అంత తగాదాలోనూ పెద్ద గొంతు చేయని మనిషి, అప్పుడూ చేయలేదు. అదే ఆవిడకి గుండెల్లో గుచ్చుకుంది. బ్యాంకు మెట్లు తలుచుకుంటే ఇన్నాళ్ళూ నవ్వొచ్చేది. ఆ రోజు ఇద్దరూ నవ్వారనే అనుకుంది. ఆయన ఎందుకు నవ్వాడో ఎప్పుడైనా అడిగిందా? ఏడుపొచ్చింది ఆవిడకి. ఏడుస్తూనే, అయినా సరే కాదనే చెప్పండి, మీరు జైలుకెళ్తే నేను బతకలేను అంది.

ఇదిగో, ఆ చెప్పాల్సిన రోజు ఈ రోజు.

అన్న వచ్చాడు. ఎదురు బెంచీ మీద, అటు తిరిగి కూర్చున్నాడు. గోళ్ళలో నీలంరంగు, చెవి వెనక తెల్లగా అంటిన ప్రైమరు. చిక్కిపోయాడు. చిన్నప్పుడు ఆవిడ చెయ్యి పట్టుకుని పలక మీద అక్షరాలు దిద్దించింది ఈ అన్నే. పలకబలపం ఎక్కడ ఆపాలో, ఎక్కడ తిప్పాలో ఆయనే నేర్పాడు. ఇంకాసేపట్లో ఇదే మనిషిని పట్టుకుని, బావ సంతకం దొంగతనంగా పెట్టావా అని లాయర్లు గుచ్చిగుచ్చి అడుగుతారు. ఆయన తెల్లమొహం వేస్తాడు. ఆవిడ లేచింది. నాలుగడుగులు అటు వేసింది. మళ్ళీ వెనక్కొచ్చి కూర్చుంది.

"నాలుక కరుచుకుని మరీ పెట్టాడు," అన్నాడు అన్న, గోడకి చెబుతున్నట్టు.

అంతలో బంట్రోతు కేక వేశాడు.

జడ్జి ఒక నడివయసు ఆవిడ. కళ్ళజోడు ముక్కు చివరికి జారివుంది. బంట్రోతు చెక్కు తెచ్చి మేస్త్రి ముందు పెట్టాడు.

"ఈ సంతకం మీదేనా?"

మేస్త్రి వంగి చూశాడు. చూస్తూనే ఉన్నాడు. వెనక లాయరు దగ్గాడు. ఆవిడ కొంగు నోట్లో కుక్కుకుంది.

"నాదేనండి."

లాయరు చేతిలో ఫైలు జారి కిందపడింది. జడ్జి కళ్ళజోడు పైకి తోసుకుంది. "బ్యాంకు కాదంటోందే?"

"బ్యాంకుకి తెలీదండి. అదొక్కటే నాది."

"అయితే మిగతావి?"

"ఊఁ," అన్నాడు.

"ఊఁ ఏంటి? కోర్టులో సరిగ్గా చెప్పండి."

"అది నేను చెప్పనండి. అప్పు తీసుకున్నాను, తీర్చాలి. సంతకం నేనే పెట్టాను. మా బావ దొంగ సంతకం పెట్టలేదు, నేనూ పెట్టలేదు. నేను చెప్పగలిగింది అంతే. ఆపైన మీరు ఏ శిక్ష వేస్తే అది."

అప్పుడు అర్థమైంది ఆవిడకి. ఈ మనిషి అన్నని పట్టివ్వడు. తనని అంతకన్నా పట్టివ్వడు. మోసగాడు అన్న మాట నెత్తిన వేసుకుని జైలుకి పోతాడు గానీ ఆవిడ పేరు ఎత్తడు. ఇంతకాలం ఆయన పేరు ఆవిడ రాస్తూ వచ్చింది, ఆవిడ పేరు ఒక్కసారి పలకాల్సి వస్తే ఆయన నోరు కట్టేసుకున్నాడు. ఇంకెక్కడ కూర్చుంటుంది ఆవిడ!

"మిగతావి నావండి!" అంటూ లేచింది. బంట్రోతు ష్ష్ అన్నాడు. ఎవరు వింటారు? "అమ్మా, మీకు దణ్ణం పెడతా, నేను చెప్పేది వినండి. బ్యాంకులో అట్ట మీదవీ నావే, చెక్కుల మీదవీ నావే, నోటీసు మీదదీ నాదే. ఆయనకి ఒకలా రాదండి సంతకం. ముగ్గురు మనుషులు పెట్టినట్టుందని గుమస్తా నవ్వితే, నాకు పొగరెక్కి లాక్కుని పెట్టేశాను. అప్పట్నుంచీ నేనే. మా అన్నకి ఆయన తప్పుడు సంతకం పెట్టలేదండి. అదొక్కటే నిజం సంతకం. ఇన్నేళ్ళలో అదొక్కటే!"

"మీరేం చెబుతున్నారో మీకు తెలుస్తోందా?" అంది జడ్జి.

"తెలుస్తోందండి. తెలిసే చెబుతున్నా."

జడ్జి కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టింది. "బ్యాంకు సంగతి ఇప్పుడు నా ముందు లేదు. వాళ్ళు అడిగేదాకా ఆగకుండా మీరిద్దరే వెళ్ళి చెప్పుకోండి. వాళ్ళు ఏం చేస్తారో నేను చెప్పలేను, ఊరికే వదిలేస్తారని మాత్రం అనుకోకండి. నా ముందున్నది ఈ చెక్కు. అప్పు ఒప్పుకుంటున్నారు. కేసు పెట్టినాయన ఏమంటారు?"

అన్న లేచాడు. "నాలుక కరుచుకుని పెట్టాడండి," అన్నాడు. ఇదే మాట ఊరంతా చాటాడు గానీ, ఈసారి గొంతు వేరేగా ఉంది. "ఎగతాళి చేస్తున్నాడనుకున్నా. నిజంగానే అంత కష్టపడ్డాడని... నాకేం తెలుసండీ!"

"మిషన్ అమ్మేసి ఇచ్చేస్తా అన్నయ్యా," అంది ఆవిడ. సోఫా గొడవ తర్వాత అన్నతో ఆడిన మొదటి మాట అదే.

"మిషన్ అమ్మితే సోఫాలు దేంతో కుడతారే? నా బాకీ దేంతో తీరుస్తారే? బుద్ధుందా నీకు? నెలనెలా ఇవ్వండి చాలు," అని కసిరాడు అన్న. అంత ప్రేమగా ఆయన కసిరి ఎన్నాళ్ళైందో.

రాజీ కాగితం రెండు ప్రతులు రాశారు. కోర్టు గుమస్తా బల్ల దగ్గర ముగ్గురూ నిలబడ్డారు. అన్న గబగబా రెండిటి మీదా గీకేశాడు. గుమస్తా పెన్ను ముందుకి చాచాడు, ఆవిడ చెయ్యి దానంతటదే లేచింది. సగంలో ఆపుకుని చెయ్యి వెనక్కి పెట్టుకుంది, రెండో చేత్తో గట్టిగా పట్టుకుంది.

మేస్త్రి వంగాడు. నాలుక కరుచుకున్నాడు. మొదటి కాగితం మీద పేరు పక్కకి వాలింది. రెండో కాగితం మీద ఒక అక్షరాన్ని మింగేసింది. నుదుటి చెమట తుడుచుకుని పెన్ను కింద పెట్టాడు.

గుమస్తా రెండూ పక్కపక్కన పెట్టి చూశాడు. "ఇదేంటండీ, ఒకదానికొకటి పోలికే లేదు! రేపు ఎవరైనా అడిగితే నేనేం చెప్పాలి? ఇంకో కాగితం ఇస్తా, సరిగ్గా ఒకలా పెట్టండి."

మేస్త్రి మెడ దాకా ఎర్రబడ్డాడు. ఆవిడ వేళ్ళు వెనకాల దురదపెడుతున్నాయి. ఒక్క నిమిషం పని! ఒక్క నిమిషంలో రెండూ అచ్చుగుద్దినట్టు గీసిపారేయగలదు. పెదవి కొరుక్కుని గోడకేసి చూస్తూ నిలబడింది.

అన్న చెయ్యి చాచి, గుమస్తా ముందున్న కాగితాలు రెండూ తీసుకున్నాడు. నీలంరంగు గోరుతో ఆ సంతకం వెంట ఒకసారి, ఈ సంతకం వెంట ఒకసారి నెమ్మదిగా గీత గీసి చూశాడు. తిరిగి గుమస్తా ముందు పెట్టాడు.

"సరిగ్గానే ఉన్నాయి, తీసుకోండి. మా బావ సంతకం ఇలాగే ఉంటుంది."

గుమస్తా ఆయన వంకా కాగితాల వంకా చూసి, రెండిటి మీదా ముద్ర కొట్టాడు.